కెమెరా నుంచి కూర్పుకు, కూర్పు నుంచి కెమెరాకు: దారి ఎంత దూరం?

2014లో ‘గ్రావిటీ’ చిత్రానికి ఎడిటింగ్ ఆస్కార్ అందుకున్న ఇద్దరిలో ఒకరు ఆ చిత్ర దర్శకుడు అల్ఫోన్సో కువరోన్. అయిదేళ్లు తిరిగాక, 2019లో, ‘రోమా’కు ఛాయాగ్రహణం ఆస్కార్ అందుకున్నదీ ఆయనే. కత్తెరకు ఒకటి, కెమెరాకు ఒకటి. ఈ సంగతి వింటే, సినిమా నేర్చుకుందామని బయలుదేరిన కుర్రవాళ్లకు ఆశ పుట్టడం సహజం. ఒక శాఖలో చేరి రెండోదీ పట్టేయవచ్చు కదా అనిపిస్తుంది.

అయితే ఇందులో ఒక మెలిక ఉంది. ఆ రెండు సినిమాలకూ దర్శకుడు ఆయనే. ‘రోమా’కు కెమెరా పట్టడం కూడా మొదట అనుకున్నది కాదు. ఆయనతో ఎప్పుడూ పనిచేసే ఎమ్మాన్యుయేల్ లుబెజ్కీకి వీలు కుదరకపోవడంతో ఆ బాధ్యత తానే తీసుకున్నారు. ఈ ఏడాది ఒకరి సినిమాకు కెమెరామన్‌గా కుదిరి, వచ్చే ఏడాది ఇంకొకరి సినిమాకు ఎడిటర్‌గా కుదిరినవారి పేర్లు చెప్పమంటే మాత్రం సినిమా తెలిసినవారు కూడా తడుముకుంటారు. పక్కపక్కనే ఉన్నట్టు కనిపించే రెండు పనుల మధ్య రాకపోకలు ఎందుకు ఇంత తక్కువ? ఆ దూరం విద్యలో ఉందా, వృత్తిలో ఉందా?

రెండు పనులకూ ఒకే మాట సరిపోతుంది

పాత తెలుగు సినిమాల టైటిళ్లలో ‘ఛాయాగ్రహణం’, ‘కూర్పు’ అని రెండు వేర్వేరు పలకలు పడేవి. మొదటిది కెమెరా శాఖ: వెలుగు ఎంత ఉండాలి, ఏ లెన్సు వాడాలి, కెమెరా ఎక్కడ నిలబడాలి, కదలాలా వద్దా అన్నవి ఆ శాఖ పెద్ద దర్శకుడితో కలిసి తేల్చుకునే విషయాలు. రెండోది ఎడిటింగ్: తీసిన వాటిలో ఏ టేకు ఉంచాలి, ఏ షాటు ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలి, దేని తర్వాత ఏది రావాలి అన్నది అక్కడ తేలుతుంది.

నన్నడిగితే ‘కూర్పు’ అన్న మాట రెండింటికీ నప్పుతుంది. కెమెరామన్ ఒక చట్రంలో మనిషినీ గోడనూ కిటికీనీ కూరుస్తాడు. ఎడిటర్ ఆ చట్రాలను ఒకదాని తర్వాత ఒకటిగా కూరుస్తాడు. ఒకరిది స్థలంలో కూర్పు, మరొకరిది కాలంలో కూర్పు. ప్రేక్షకుడి కన్ను ఇప్పుడు ఎక్కడ ఉండాలి, ఎంతసేపు ఉండాలి అన్నదే ఇద్దరి ముందూ ఉన్న ప్రశ్న. విద్య దగ్గరదే అనడానికి కారణం ఇదే.

విడిపోవడం వెనుక ఫిల్ము అనే పదార్థం

1895లో లూమియేర్ సోదరుల యంత్రం బొమ్మ తీసేది, ప్రింటు వేసేది, తెర మీద చూపేది కూడా. యంత్రం ఒకటే కాబట్టి మనిషీ ఒకడే. అమెరికాలో ఎడిసన్ సంస్థకు కెమెరా పట్టిన ఎడ్విన్ పోర్టర్ 1903లో తీసిన ‘ది గ్రేట్ ట్రైన్ రాబరీ’ని ఎడిటింగ్ చరిత్రలో తొలి మైలురాళ్లలో ఒకటిగా చెబుతారు. ఆ రోజుల్లో ఎవరూ ఆయనను ‘శాఖ మారారు’ అనలేదు. మారడానికి శాఖలు ఉంటే కదా.

స్టూడియోలు పెరిగి సినిమాలు పొడవైన కొద్దీ పని చీలిపోయింది. చీలికకు కళ కంటే ఫిల్ముతోనే ఎక్కువ సంబంధం. 35 ఎం.ఎం. ఫిల్ములో ఒక అడుగుకు 16 ఫ్రేములు. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన నిమిషానికి 90 అడుగులు పరుగెడుతుంది. రెండున్నర గంటల సినిమా అంటే 13,500 అడుగులు. ప్రతి అడుగుకూ సగటున నాలుగు అడుగులు తీశారనుకుంటే 54,000 అడుగులు, అంటే 400 అడుగుల డబ్బాలు 135. వాటిని ల్యాబులో కడిగి, ప్రింటు వేసి, క్లాపు నంబర్ల ప్రకారం వరుసలో పెట్టి, మూవియోలా అనే ఎడిటింగ్ యంత్రం మీద ముందుకూ వెనక్కూ తిప్పి చూడాలంటే చీకటి గదిలో ఒక మనిషి రోజంతా కూర్చోవాలి. అదే రోజు అదే మనిషి పొలం గట్టున ఎండ కోసం కెమెరా పట్టుకుని కాచుకోలేడు.

ఒకసారి పని చీలాక దాని చుట్టూ అలవాట్లూ అడ్డుగోడలూ పుట్టాయి. హాలీవుడ్ తొలిరోజుల్లో ఫిల్ము కత్తిరించి అతికించడం కుట్టుపని లాంటిదని చాలామంది ఆడవాళ్లకు అప్పగించారు. అలా అడుగుపెట్టిన మార్గరెట్ బూత్, ఆన్ బాచెన్స్ వంటివారు ఆ కళలోనే పెద్దలయ్యారు. కెమెరా వైపు తలుపు వారికి తెరుచుకోలేదు. ఛాయాగ్రహణం ఆస్కార్ 1929లో జరిగిన తొలి వేడుక నుంచీ ఉన్నా, అందులో ఒక మహిళ నామినేషన్ పొందడానికి 2018 దాకా పట్టింది. ఆమె రేచల్ మోరిసన్. మన దగ్గర బి.ఆర్. విజయలక్ష్మి 1980ల్లోనే కెమెరా పట్టారన్నది నిజమే, కానీ ఆ పేరు ఈనాటికీ మినహాయింపుగానే వినిపిస్తుంది. దారి మూసి ఉందంటే విద్య చాలకనే అనుకోనక్కరలేదు.

సందెవేళ అయిదు షాట్లు: ఒక ఉదాహరణ

ఈ రెండు చూపుల తేడా ఒక సన్నివేశం పెట్టి చూస్తే తెలుస్తుంది. ఊహించుకుందాం. వరండాలో పడక కుర్చీలో తండ్రి. పొద్దు గుంకుతోంది. చెప్పకుండా ఊరు వెళ్లిన కూతురు గేటు తీసుకుని లోపలికి వస్తుంది. మాటలు నాలుగే. కాగితం మీద అయిదు షాట్లు రాసుకున్నారు: ఇల్లంతా కనిపించే వైడ్ షాట్, గేటు దగ్గర కూతురు, తండ్రి భుజం మీదుగా కూతురు, కూతురి భుజం మీదుగా తండ్రి, తండ్రి క్లోజప్.

కావలసిన ఆ నీలి వెలుగు ఉండేది 20 నిమిషాలు. అందులో రెండు షాట్లే కుదురుతాయి. ఏవి?

వైడ్ షాట్ ముందు తీయాలని కెమెరామన్ అంటాడు. ఆకాశం ఉండేది అందులోనే, ఆ వెలుగును తర్వాత లైట్లతో సృష్టించలేం. రెండోది గేటు దగ్గర కూతురు, ఎందుకంటే వెనుక ఇంకా ఆకాశం కనిపిస్తుంది. మిగిలిన మూడూ గోడ వైపు తిరిగినవి, చీకటి పడ్డాక కూడా లైట్లు పెట్టి నడిపించవచ్చు. ఈ లెక్కలో తప్పేమీ లేదు.

అదే చోట ఎడిటర్ ఉంటే వైడ్ షాట్‌కు ఒప్పుకుంటాడు గానీ రెండోది తండ్రి క్లోజప్ కావాలంటాడు. నటుడు ఇప్పుడు ఆ మనఃస్థితిలో ఉన్నాడు, రెండు గంటల తర్వాత భోజనం చేసి వచ్చాక ఆ ముఖం ఉండదని అతని భయం. పైగా ఇంకో మాట అంటాడు: కూతురు మాట ముగిశాక కూడా ఎనిమిది సెకన్లు కెమెరా ఆపకండి. ఆ మౌనం ఎడిటింగ్ బల్ల మీద పనికివస్తుంది.

ఇద్దరి మాటా నిజమే. కెమెరామన్ తిరిగి రాని వెలుగును కాపాడుతున్నాడు, ఎడిటర్ తిరిగి రాని ముఖాన్ని. కొంతకాలం ఎడిటింగ్ బల్ల దగ్గర కూర్చున్న కెమెరామన్ అయితే మూడో దారి వెతకవచ్చు. వైడ్ షాట్‌ను తండ్రి వైపు మెల్లగా జరిగేలా పెట్టి, అదే షాటు చివర ఆయన ముఖం దగ్గర ఆగేలా చూస్తాడు. ఒక షాటు మిగిలింది. కానీ ఆ కదలిక తప్పితే రెండూ పోతాయి, పైగా మధ్యలో కత్తిరించుకునే వీలు ఎడిటర్‌కు ఉండదు. అటు తెలిసినవాడికి మేలుతోపాటు ఈ ప్రమాదమూ తెలిసే ఉంటుంది.

ఏ విద్య వెంట వస్తుంది, ఏది రాదు

ఎడిటర్ కెమెరా పడితే కొన్ని సంగతులు వెంట తెచ్చుకుంటాడు. చూపు ఏ దిక్కున ఉండాలి, ఇద్దరు మాట్లాడుకుంటుంటే వారిద్దరినీ కలిపే ఊహారేఖను కెమెరా దాటితే తెర మీద ఎందుకు గందరగోళం పుడుతుంది, షాటు మొదలుకు ముందూ ముగిశాకా కొన్ని సెకన్లు ఎందుకు అదనంగా ఉండాలి అన్నవి అతనికి దెబ్బలు తిని నేర్చుకున్న పాఠాలు. ఎవరో తీయడం మరిచిన షాటు లేకపోవడంతో రాత్రుళ్లు కూర్చున్నవాడు ఆ షాటును తాను మరువడు.

వెంట రానిది వెలుగు. ఎక్స్‌పోజరు, లెన్సుల స్వభావం, చర్మం రంగు మీద ఏ దీపం ఎలా పడుతుంది అన్నవి పుస్తకంతో రావు, ఏళ్లతో వస్తాయి. అంతకంటే పెద్ద లోటు ఇంకొకటి. కెమెరామన్ ఒక దళానికి నాయకుడు. ఫోకస్ పుల్లరు, అసిస్టెంట్లు, లైట్‌మెన్, క్రేన్ వారు అతని మాట కోసం చూస్తుంటారు. ఎడిటర్ గదిలో ఒకరో ఇద్దరో ఉంటారు. ఎక్కువగా ఒక దర్శకుడిని ఓపికగా వింటే చాలు.

అటు నుంచి ఇటు వచ్చే కెమెరామన్ కష్టం వేరు. తన షాటు మీద మమకారం. మూడు గంటలు ట్రాలీ పట్టాలు వేసి తీసిన షాటు కథకు అక్కరలేదని తెలిసినప్పుడు ఎడిటర్ క్షణంలో పక్కన పడేస్తాడు. ఆ మూడు గంటలు అతనికి తెలియవు, తెలియనక్కరలేదు. తీసినవాడికి చేయి ఆడదు. వాల్టర్ మర్చ్ వంటి ఎడిటర్లు షూటింగ్ స్థలానికి వీలైనంత దూరంగా ఉండటమే మేలని చెప్పేది ఇందుకే: ప్రేక్షకుడికి కనిపించేది తెర మాత్రమే, ఎడిటర్‌కు కూడా అదే కనిపించాలి. మరొక చిక్కు శబ్దం. మంచి ఎడిటింగులో సగం చెవి పని. మర్చ్ 1997లో ‘ది ఇంగ్లిష్ పేషెంట్’ చిత్రానికి ఎడిటింగుకూ శబ్దానికీ రెండు ఆస్కార్లు అందుకున్నారు. కత్తెరకు సహజంగా పొరుగున ఉన్నది కెమెరా కంటే శబ్దమేనేమో అని అప్పుడప్పుడు అనిపిస్తుంది.

వీటన్నిటి అడుగున ఒక స్వభావ భేదం ఉంది. కెమెరా దగ్గర నిర్ణయం అప్పటికప్పుడు, వందమంది చూస్తుండగా తీసుకోవాలి, వెనక్కి తీసుకోవడం కుదరదు. ఎడిటింగులో ప్రతి నిర్ణయాన్నీ రేపు మార్చుకోవచ్చు, కాబట్టి ఎక్కడ ఆగాలో తెలియడమే కష్టం. ఒకరికి ఊపు కావాలి, ఒకరికి ఓపిక.

‘మారడం’ అనే మాటలో కలిసిపోయిన సంగతులు

చర్చ గందరగోళం కావడానికి కారణం, వేర్వేరు ప్రయాణాలను ఒకే మాటతో పిలవడం.

ఒకటి దర్శకత్వానికి మెట్టుగా ఒక శాఖ గుండా వెళ్లడం. ‘సిటిజన్ కేన్’కు ఎడిటర్ అయిన రాబర్ట్ వైజ్, ఎడిటర్‌గా పేరు తెచ్చుకున్న డేవిడ్ లీన్ ఇలాగే దర్శకులయ్యారు. మన రాజమౌళి తొలిరోజుల్లో ఎడిటర్ కోటగిరి వెంకటేశ్వరరావు దగ్గర పని నేర్చుకున్నారు. తేజ కెమెరామన్‌గా పనిచేసి 2000లో ‘చిత్రం’తో దర్శకుడయ్యారు. కెమెరామన్ రసూల్ ఎల్లోర్ 2003లో ‘ఒకరికి ఒకరు’ తీశారు. వీరు కెమెరా నుంచి కత్తెరకో, కత్తెర నుంచి కెమెరాకో మారినవారు కారు. గమనించవలసిన సంగతి ఇంకొకటి ఉంది: ఎడిటింగ్ తెలిసిన రాజమౌళి తన సినిమాల కత్తెరను తాను ఉంచుకోలేదు, ‘బాహుబలి’ని మళ్లీ కోటగిరి చేతిలోనే పెట్టారు.

రెండోది, రెండు విద్యలూ నేర్చుకుంటూ దర్శకత్వానికి చేరడం. ఆదుర్తి సుబ్బారావు బొంబాయిలో కెమెరా చదువు చదివి, ఎడిటింగులో పనిచేసి, 1954లో ‘అమర సందేశం’తో దర్శకులయ్యారు. స్టూడియో కాలంలో ల్యాబు, కెమెరా, ఎడిటింగ్ గది ఒకే ఆవరణలో ఉండటం వల్ల ఇటువంటి చదువుకు వీలుండేది.

మూడోది, దర్శకుడై ఉండి రెండూ తన చేతిలో పెట్టుకోవడం. దీనికి మన దగ్గర బాలు మహేంద్రను మించిన ఉదాహరణ లేదు. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం చదివి, మలయాళంలో కెమెరామన్‌గా మొదలుపెట్టి, 1977లో కన్నడ ‘కోకిల’తో దర్శకుడయ్యారు. 1980లో వచ్చిన ‘శంకరాభరణం’లో ఆయన కెమెరామన్ మాత్రమే. కూర్పు జి.జి. కృష్ణారావుది. తన తమిళ చిత్రం ‘వీడు’కు వచ్చేసరికి దర్శకత్వం, కెమెరా, ఎడిటింగ్ మూడూ ఆయనవే. ఆయనకు కత్తెర పని ఇంకొకరు ఇవ్వలేదు. తన సినిమాలో తానే ఇచ్చుకున్నారు. కువరోన్ సంగతీ అంతే.

అమెరికన్ దర్శకుడు స్టీవెన్ సోడర్‌బర్గ్‌ది మరీ విచిత్రం. తన సినిమాలకు కెమెరా పడితే పీటర్ ఆండ్రూస్ అనీ, ఎడిటింగ్ చేస్తే మేరీ ఆన్ బెర్నార్డ్ అనీ టైటిళ్లలో వేస్తారు. మొదటిది తండ్రి పేరు నుంచి, రెండోది తల్లి పుట్టింటి పేరు. 2000లో ‘ట్రాఫిక్’కు దర్శకత్వమూ ఛాయాగ్రహణమూ కలిపి ఒకే పలక మీద వేసుకోవాలనుకుంటే రచయితల సంఘం నియమం అడ్డొచ్చింది. దాంతో మారుపేరు పుట్టింది. ఒకే మనిషి మూడు పనులు చేసినా టైటిళ్ల లోకం ముగ్గురు మనుషులను కోరుకుంటుందన్నమాట.

ఒకే చేయి మంచిదా, రెండు కళ్లు మంచివా

ఒకరే చేయాలనేవారి వాదం ఇది. ఎడిటింగ్ మనసులో పెట్టుకుని తీస్తే అక్కరలేని షాట్లు తీయరు, సమయం మిగులుతుంది, సినిమాకు ఒకే ఊపిరి ఉంటుంది. తక్కువ డబ్బుతో తీసేవారికి ఇది వాదం కూడా కాదు, గత్యంతరం లేకపోవడం. రాబర్ట్ రోడ్రిగెజ్ 1992లో సుమారు 7,000 డాలర్లతో తీసిన ‘ఎల్ మరియాచీ’కి కెమెరా, ఎడిటింగ్ ఆయనే చేశారు. అలా చేయకపోతే ఆ సినిమా ఉండేదే కాదు.

రెండో పక్షం అడిగే ప్రశ్న సూటిగా ఉంటుంది: మీ తప్పు మీకు ఎవరు చెబుతారు? సంతోష్ శివన్ ‘ది టెర్రరిస్ట్’కు దర్శకుడూ ఛాయాగ్రాహకుడూ తానే. అక్కడ కత్తెర మాత్రం శ్రీకర్ ప్రసాద్ చేతిలో ఉంది. ఆ ఎడిటింగుకు జాతీయ అవార్డు వచ్చింది. చిత్రీకరించినవాడి మమకారం లేని కన్ను ఒకటి గదిలో ఉండటం వల్ల ఏం ఒరుగుతుందో అటువంటి సినిమాలు చూస్తే తెలుస్తుంది. ‘రోమా’లో కూడా కువరోన్ ఎడిటింగ్ ఒంటరిగా చేయలేదు, ఆడమ్ గఫ్ తోడున్నారు. నా మట్టుకు నాకు ఇదే బరువైన వాదం అనిపిస్తుంది. రెండు పనులూ తెలిసి ఉండటం వేరు, ఒకే సినిమాలో రెండూ ఒక్కడే చేయడం వేరు.

గోడ పలచబడిన చోట్లు

డిజిటల్ వచ్చాక వరుస మారింది. ముందు తీయడం, తర్వాత కూర్చడం అన్న క్రమం కొన్నిచోట్ల తలకిందులైంది. ‘గ్రావిటీ’లో తొలి షాటే పది నిమిషాలు దాటి నడుస్తుంది. కోతలు ఇంత తక్కువున్న సినిమాకు ఎడిటింగ్ అవార్డు ఏమిటని అడగవచ్చు. ఆ సినిమాను చిత్రీకరణకు ముందే కంప్యూటర్ బొమ్మలతో కూర్చుకున్నారు. దీపాలు ఎప్పుడు ఎటు తిరగాలన్నది కూడా ఆ కూర్పును బట్టే తేలింది. అక్కడ ఎడిటింగ్ ముందు, కెమెరా తర్వాత.

2020లో వచ్చిన మలయాళ చిత్రం ‘సీ యూ సూన్’ కథ మొత్తం ఫోను, కంప్యూటర్ తెరల మీదే నడుస్తుంది. ఎడిటర్‌గా మొదలై దర్శకుడైన మహేశ్ నారాయణన్ దానికి ఎడిటింగుతోపాటు ‘వర్చువల్ సినిమాటోగ్రఫీ’ కూడా తానే చేశారు. తెర మీద చూపు ఎటు జరగాలి, దేని దగ్గరికి వెళ్లాలి అన్నది ఎడిటింగ్ బల్ల దగ్గరే తేలే పని అయినప్పుడు రెండు శాఖల మధ్య గీత ఎక్కడ గీస్తారు?

పెద్ద సినిమాల్లో కూడా నడిమి ఉద్యోగాలు పుట్టాయి. షూటింగ్ స్థలంలోనే షాట్లు అతికి చూపే స్పాట్ ఎడిటర్ కెమెరా శాఖ పక్కనే నిలబడి పని నేర్చుకోగలడు. డీఐ (డిజిటల్ ఇంటర్మీడియట్) గదిలో రంగులు సరిచేసే కలరిస్టు ఎడిటర్ లాగా కుర్చీలో కూర్చుని ఛాయాగ్రాహకుడి భాష మాట్లాడతాడు. డాక్యుమెంటరీల్లో, వార్తా చానళ్లలో తీసినవారే కోసుకోవడం మామూలైపోయింది.

చివరికి అడ్డం వచ్చేది లెక్క

తెలుగు సినిమాలో 24 శాఖలకూ విడివిడిగా సంఘాలున్నాయి, సభ్యత్వ కార్డులున్నాయి. అమెరికాలో కూడా కెమెరావారి సంఘం లోకల్ 600, ఎడిటర్లది లోకల్ 700. శాఖ మారడమంటే ఒకచోట సంపాదించిన సీనియారిటీ వదులుకుని మరోచోట అసిస్టెంటుగా మొదలుకావడం. కార్డు ఒక భాగమే. పని ఇచ్చేవారికి మీరు ‘ఫలానా’ అని గుర్తుంటేనే ఫోను వస్తుంది. రెండు చెబితే ఏదీ గుర్తుండకపోవచ్చు.

సంఘాల ఊసు లేని పెళ్లిళ్ల చిత్రీకరణలో కూడా ఇదే కథ. లెక్క కోసం ఒక యువకుడిని ఊహించుకుందాం. తీయడమూ అతనే, కూర్చడమూ అతనే. మాఘమాసంలో ఆరు పెళ్లిళ్లు ఒప్పుకున్నాడు. ఒక్కోదానికి చిత్రీకరణ రెండు రోజులు, ఎడిటింగ్ ఏడు రోజులు. చిత్రీకరణకు 12 రోజులు పోతే నెలలో 18 మిగులుతాయి. ఎడిటింగుకు కావలసినవి 42. అంటే ఒక్క మాఘంలోనే 24 రోజుల పని బాకీ. ఫాల్గుణంలోనూ ఇంతే ఒప్పుకుంటే 48. ముహూర్తం ఆగదు, ఎడిటింగ్ ఆగుతుంది. కాబట్టి ఎప్పుడూ వెనకబడేది అదే. ముహూర్తాలు లేని ఆషాఢం దాకా ఆ బాకీ తీరదు. ఈలోగా పెళ్లికూతురి తరఫువారు ఫోన్లు చేస్తూనే ఉంటారు.

డబ్బు కూడా అటే నెడుతుంది. చిత్రీకరణకు రోజుకు 10,000, ఎడిటింగుకు పెళ్లి మొత్తానికి 20,000 అనుకుందాం. రెండు రోజుల్లో అక్కడా 20,000, ఏడు రోజుల్లో ఇక్కడా 20,000. ఎడిటింగ్ రోజు కూలీ 2,900 లోపే. ‘ఆ పాట మార్చండి, మా మేనమామ లేడేమిటి’ అంటూ ఇంకో మూడు రోజులు పెరిగితే 2,000. కెమెరా వైపున పరికరాల ఖర్చు తీసేసినా తేడా నిలుస్తుంది.

రెండేళ్లు ఇలా నడిచాక అతను ఎడిటింగును ఇంకొకరికి ఇస్తాడు. డిస్కుతోపాటు ఒక కాగితం పంపుతాడు: జీలకర్రబెల్లం దగ్గర రెండో కెమెరా షాట్లు వాడు, అప్పగింతల్లో తండ్రి ముఖం కొయ్యవద్దు.